కథ చెప్పేవారు లేని రైలుబండి



కిందటి వారం, ఒకప్పుడు నాతో కలిసి పనిచేసిన లెక్కల సారు ఫోను చేశారు. ఆయనా నాలాగే పదవీ విరమణ చేసి ఇంటిపట్టున ఉంటున్నవారు. కుశల ప్రశ్నలయ్యాక అసలు సంగతికి వచ్చారు. "సార్, నీలగిరి కొండల్లో ఇప్పటికీ పొగబండి తిరుగుతోంది. డార్జిలింగులో తిరుగుతోంది. మన వికారాబాదు కొండలకు కూడా ఒక పాత పొగబండి వేయమని మీరు రాయరాదా? పట్నం నుంచి పొద్దున పోయి సాయంత్రానికి తిరిగి రావచ్చు. మీరు రాస్తే నలుగురు చదువుతారు" అన్నారు. నలుగురు చదువుతారన్న మాట ఎంత నిజమో గాని, ఆయన కోరిక మాత్రం నన్ను నాలుగు రోజులు ఆలోచనలో పడవేసింది. తీరా రాయడానికి కూర్చుంటే, ఆయన కోరినది ఒకటి, నా కలం నుంచి వస్తున్నది మరొకటి. ఆ మిత్రుడు మన్నించాలి.

నా అభిప్రాయం ముందే చెప్పేస్తాను. పాత రైలుబండి యాత్రకు ప్రాణం, ఆ దారి కథను ఆ ఊరి భాషలో, తన ఇంటి కథలాగా చెప్పగలిగిన మనిషి. ఆ మనిషి ఉంటే సాధారణమైన పాసింజరు బండి కూడా యాత్ర అవుతుంది. లేకపోతే ఎంత పాత ఇంజను తెచ్చి తగిలించినా అది నెమ్మదిగా పోయే బండి మాత్రమే. ఈ సంగతి నాకు పుస్తకాల వల్ల బోధపడలేదు. రెండు యాత్రల వల్లా, ఒక ఆదివారం వల్లా బోధపడింది.

మొదటి యాత్ర 2018 వేసవిలో. మా అబ్బాయి జర్మనీలో ఉద్యోగం చేస్తున్నాడు. ఆ ఏడు మేము వారి దగ్గర ఉన్నప్పుడు, కుటుంబమంతటినీ మధ్యధరా సముద్రంలోని మయోర్కా అనే దీవికి తీసుకుపోయాడు. అది స్పెయిను దేశానికి చెందిన దీవి. అక్కడ ఒక రోజు కార్యక్రమం ఇది: ఉదయం పాల్మా నగరంలో పాతకాలపు కొయ్య రైలు ఎక్కడం, కొండలు దాటి సోయెర్ అనే ఊరు చేరడం, అక్కడి నుంచి ట్రాముబండిలో సముద్రపు ఒడ్డుకు పోవడం, సాయంత్రం బస్సులో తిరిగి రావడం. వెంట దారి చూపే ఒక స్త్రీ. వయసు నా ఈడే ఉంటుంది.

ఆ రైలు 1912లో మొదలయింది. మొత్తం దారి 27 కిలోమీటర్లు. పట్టాల నడుమ వెడల్పు మూడు అడుగులే. 1929లో దానికి విద్యుత్తు అమర్చారు. అంటే అందులో పొగబండి లేనే లేదు. పొగ మానివేసి దాదాపు తొంభై ఏళ్ళయింది. అయినా పెట్టెలు ఆనాటివే. కొయ్య గోడలు, ఇత్తడి దీపాలు, కిందికి దించుకునే కిటికీలు. మధ్యలో 13 సొరంగాలు. అన్నిటికంటె పెద్దది మూడు కిలోమీటర్లకు కాస్త తక్కువ.

ఇవన్నీ కరపత్రంలో ఉన్న సంగతులే. ఆమె చెప్పినవి వేరు. సోయెర్ లోయ నారింజ తోటలకు పెట్టింది పేరు. అయితే ట్రముంటానా కొండలు అడ్డుగోడలాగా నిలవడం చేత, తమ దీవిలోని పాల్మాకు పోవడం కంటె ఓడ ఎక్కి ఫ్రాన్సు దేశానికి పోవడమే ఆ ఊరివారికి సులువుగా ఉండేదట. నారింజ పండ్లు ఫ్రాన్సుకు పోయేవి, వాటి వెంట మనుషులూ పోయేవారు. అలా పోయి సంపాదించినవారి సొమ్ము, ఊళ్ళో ఉన్నవారి సొమ్ము కలిపి వాటాలు కొని ఈ రైలు వేసుకున్నారు. సర్కారు సాయం పొందాలంటే దారి 30 కిలోమీటర్లకు తక్కువ ఉండరాదు. తమ దారి 27 దగ్గరే ఆగిపోయింది. అందుకని సోయెర్ నుంచి రేవుదాకా ట్రాము వేసి లెక్క పూర్తి చేశారు. ఆ ట్రాము 1913లో మొదలయింది. ఇది చెప్పేటప్పుడు ఆమె కళ్ళల్లో ఒక అల్లరి మెరిసింది. తన మేనమామ చేసిన గడుసుపని చెబుతున్నట్టుగా చెప్పింది.

పెద్ద సొరంగంలోకి బండి దూరగానే అందరూ కేరింతలు కొట్టారు. ఆమె మాత్రం చీకట్లో ఊరుకుంది. వెలుతురులోకి వచ్చాక ఒక్కటే మాట అన్నది: "ఈ కొండలో మా తాత పని చేశాడు. ఆయన దీన్ని తవ్వాడు, నేను దీన్ని చెబుతున్నాను." మా కోడలు నాకు తెలుగులో చెప్పింది. ఆ తరువాత ఆమె కొండకు, నారింజకు, రైలుకు తమ భాషలో ఏమంటారో ఒక్కొక్క మాటే పిల్లల చేత పలికించింది. ఆ దీవి భాష కాటలాన్. ఫ్రాంకో ఏలిన కాలంలో, అంటే 1939 నుంచి 1975 దాకా, ఆ భాషకు బడిలో చోటు లేదు. తాను బడిలో చదువుకోలేకపోయిన మాటలను ఆమె వచ్చినవారందరి చేతా పలికిస్తున్నదని నాకు తోచింది. భాషాపండితుడనైన నాకు ఆ క్షణంలో ఆమె మీద కలిగిన గౌరవం ఇంతా అంతా కాదు.

మరొక సంగతి. 1997లో ఆ కొండల కిందుగా మోటారు బళ్ళకు సొరంగం తవ్వారు. సోయెర్ నుంచి పాల్మాకు పోవడం సులువయింది. ఆ నాడే ఆ రైలు చచ్చిపోవలసింది. చావలేదు. దానికి పర్యాటకులు ప్రాణం పోశారని అందరూ అంటారు. నిజమే గాని, పర్యాటకులను రప్పించేది ఏది? కొయ్య పెట్టెలు ఎన్నో దేశాల్లో ఉన్నాయి.

ఆ రాత్రి ఎనిమిదేళ్ళ మా మనవరాలు నా పక్కన చేరి అడిగింది: "తాతా, మీ నాయన కూడా రైల్లో పని చేసేవారట కదా! ఆయన ఏం చేసేవారు?" నేను "రైల్వేలో పని చేసేవారమ్మా" అని ఊరుకున్నాను. అంతకు మించి చెప్పడానికి నాకు నోరు రాలేదు. ఎందుకు రాలేదో తరువాత చెబుతాను.

రెండవ యాత్ర అరకుకు. 2023 డిసెంబరులో పిల్లలు సెలవులకు వచ్చినప్పుడు విశాఖపట్నం వెళ్ళాము. పొద్దున రైలులో కొండెక్కి, అరకులోయ చూసి, బస్సులో బొర్రా గుహల మీదుగా రాత్రికి తిరిగి వచ్చే యాత్ర. మన తెలుగునాట రైలుతో ముడిపడిన ఒకరోజు యాత్రల్లో దీనికి మించినది లేదని నా నమ్మకం. కొత్తవలస దాటి, శృంగవరపుకోట దాటి, శివలింగపురం దగ్గర బండి కొండను పట్టుకుంటుంది. త్యాడ, చిమిడిపల్లి, బొర్రా గుహలు, కరకవలస, శిమిలిగుడ అంటూ స్టేషన్లు ఒకదాని మీద ఒకటి మెట్లలాగా వస్తాయి. యాభైకి పైగా సొరంగాలు. శిమిలిగుడ దాదాపు వెయ్యి మీటర్ల ఎత్తున ఉంది. కాశ్మీరులో పట్టాలు పడకమునుపు, బ్రాడ్ గేజి స్టేషన్లలో దేశంలోకెల్లా ఎత్తైనదని దానికి పేరు. 2017లో ఈ బండికి అద్దాల కప్పు ఉన్న పెట్టెను తగిలించారు. కూర్చున్నచోటి నుంచి ఆకాశం, కొండ, లోయ అన్నీ కనిపిస్తాయి.

అన్నీ కనిపించాయి. ఏదీ వినిపించలేదు. మమ్మల్ని తీసుకుపోయినవారి మనిషి బండిలో కనబడింది రెండుసార్లు: ఒకసారి తలలు లెక్కపెట్టుకోవడానికి, మరొకసారి ఫలహారం పొట్లాలు పంచడానికి. బస్సులో మాట్లాడిన మాటలు కూడా ఇంతే: "ఇక్కడ ఇరవై నిమిషాలు, ఫోటోలు తీసుకోండి." అతణ్ణి నేను తప్పు పట్టను. చిన్న వయసు, చిన్న జీతం, అతనికి నేర్పినవారు లేరు. సొరంగం వచ్చినప్పుడల్లా పెట్టెలో ఈలలు, సొరంగం పోగానే ఫోన్లు. నా మనవరాలికి అప్పటికి పదమూడేళ్ళు. "తాతా, ఇంత కష్టమైన దారి ఎందుకు వేశారు?" అని అడిగింది. నా దగ్గర జవాబు లేదు. తెలుగు దేశపు కొండను తెలుగు పండితుడు ఎక్కుతూ, మూగవాడిలాగా కూర్చున్నాడు.

ఇంటికి వచ్చాక చదివి తెలుసుకున్నాను. ఆ దారి పర్యాటకులకోసం పుట్టినది కాదు. బస్తరు ప్రాంతంలోని బైలదిల్లా కొండల ఇనుప ఖనిజాన్ని విశాఖ రేవుకు దించి, జపాను దేశానికి పంపడం కోసం 1960లలో వేసినది. మనం కిటికీలోంచి చూసి మురిసిపోయే లోయ పక్కనుంచే, ఎర్రటి ఖనిజం నింపుకున్న గూడ్సుబళ్ళు రాత్రింబగళ్ళు దిగుతుంటాయి. ఆ కొండలు గిరిజనుల కొండలు. ధింసా నాట్యాన్ని మనం అరగంట చూసి చప్పట్లు కొడతాము. ఆ నాట్యం చేసేవారి ఊళ్ళ నడుమ నుంచి ఈ ఇనుము ఎక్కడికి పోతున్నదో మనకు చెప్పేవారు లేరు. బొర్రా గుహలను తొలిచింది గోస్తనీ నది నీరు. సున్నపురాయిని నీరు కరిగించడానికి పట్టిన కాలంతో పోలిస్తే మన చరిత్రలన్నీ నిన్నటివే. అయిదు నిమిషాలు చాలు ఇది చెప్పడానికి. చెప్పి ఉంటే ఆ పిల్ల ప్రశ్నకు జవాబు దొరికేది. ఆ ప్రయాణం ఆమె మనసులో నిలిచేది.

ఇప్పుడు లెక్కల సారు కోరిన వికారాబాదు దారికి వస్తాను. నేనుండేది మొయినాబాదు దగ్గరి హిమాయత్‌నగర్. మా ఊరి మీదుగా రైలు పోదు. మాకు రైలంటే శంకర్‌పల్లి స్టేషనే. ఆ స్టేషను మీదుగా పోయే దారి సామాన్యమైనది కాదు. సికింద్రాబాదు నుంచి వాడి దాకా 1874లో తెరిచిన దారి అది. నిజాం రాజ్యం తన సొమ్ముతో వేసిన తొలి రైలుదారి అదే. బొంబాయి, మద్రాసుల నడుమ పోయే పెద్దదారికి వాడి దగ్గర దీన్ని కలిపారు. ఆనాటికి ఆరవ నిజాము మహబూబ్ అలీ ఖాన్ ఎనిమిదేళ్ళ పసివాడు. రాజ్యభారం మొదటి సాలార్ జంగుది. సికింద్రాబాదు దండుకు దారి కావాలన్నది ఇంగ్లీషువారి పట్టు. సొమ్ము నిజాము రాజ్యానిది.

నీలగిరి బండి 1899లో కూనూరు చేరింది, 1908లో ఊటీ చేరింది. మన శంకర్‌పల్లి దారి దానికంటె పాతిక సంవత్సరాలు పెద్దది. డార్జిలింగు బండి 1881 నాటిది. దానికంటె కూడా మన దారి పెద్దదే. డార్జిలింగు బండిని 1999లో, నీలగిరి బండిని 2005లో యునెస్కో ప్రపంచ వారసత్వ సంపదగా గుర్తించింది. ఆ గౌరవం వాటికి తగినదే. మన దారికి పండ్లచక్రాలు లేవు, లోయలు లేవు. కథ మాత్రం ఉంది.

ఎలాంటి కథ? వినండి. 1883లో ఈ రైళ్ళను ఒక కంపెనీకి అప్పగించి, చాందా వైపు కొత్త దారి వేయాలన్న పథకం వచ్చింది. వాటాదారులకు రాబడి తగ్గితే నిజాము ఖజానా పూడ్చాలి. ఆ రైల్వే పేరులో ఉన్న 'గ్యారంటీడ్' అన్న మాటకు అర్థం అదే. ప్రజలకు లెక్క చెప్పకుండా ఈ భారం ఎత్తుకోవడం న్యాయం కాదని హైదరాబాదులో కొందరు గొంతెత్తారు. వారిలో ఒకరు అఘోరనాథ చటోపాధ్యాయ, సరోజినీ నాయుడుగారి తండ్రి. ఆ పాపానికి ఆయనను రాజ్యం నుంచి వెళ్ళగొట్టారు. అప్పటికి సరోజిని నాలుగేళ్ళ పిల్ల. ఒక రైలుదారి లెక్క అడిగినందుకు ఒక పంతులుగారు ఊరు విడవవలసి వచ్చిన కథ మన పిల్లలకు తెలియదు. 1930లో గాని నిజాము ప్రభుత్వం ఆ రైల్వేను పూర్తిగా తన చేతిలోకి తీసుకోలేదు.

ఇంకా ఉంది. ఈ దారి మీదనే తాండూరు. మన ఇళ్ళలో మనం నడిచే నాపరాయి ఆ ఊరి పేరుతోనే చలామణి అవుతుంది. ఆ ఊరి కందిపప్పుకు 2022లో భౌగోళిక గుర్తింపు దొరికింది. ఇంకా ముందుకు పోతే, కర్ణాటకలో ఇదే దారి మీద మల్ఖేడు ఉంది. రాష్ట్రకూటుల రాజధాని మాన్యఖేటం అదే. మన వేములవాడ చాళుక్యులు ఆ రాష్ట్రకూటుల సామంతులు. ఇక వికారాబాదు దగ్గరి అనంతగిరి కొండల్లో మూసీ పుట్టింది. 1908లో ఆ నది పొంగి హైదరాబాదును ముంచివేసిన తరువాతనే, మళ్ళీ అంతటి ఆపద రాకుండా 1920లో గండిపేట చెరువు, 1927లో మూసీకి ఉపనది అయిన ఈసీ మీద హిమాయత్ సాగరు కట్టారు. మా ఊరి పిల్లలు ఆ రెండు చెరువుల నడుమ పెరుగుతున్నారు. ఆ నీళ్ళ పుట్టుక చూపించడానికి ఇంతకంటె మంచి బండి ఎక్కడ ఉంది?

ఇప్పుడు నేను దాటవేసిన మాట చెబుతాను. మా నాయన ఈ దారి మీదనే కీమాన్. గ్యాంగులో చేరి కీమాన్ అయ్యారు. ప్రతిరోజూ తెల్లవారకముందే సుత్తి, పానా, ఎర్రజెండా, పచ్చజెండా, ఆపదలో బండిని ఆపడానికి పట్టాల మీద పెట్టే పటాకాలు తీసుకొని, తన వంతు దారి అంతా నడిచేవారు. బళ్ళ అదురుకు పట్టాలను స్లీపర్లకు బిగించి ఉంచే ఇనుప కీలు సడలుతుంటాయి. వాటిని చూసి, కొట్టి, బిగించడం ఆయన పని. వాన అయినా ఎండ అయినా ఆ నడక తప్పదు. ఆ నడక జీతంతోనే నన్ను ఓరియంటల్ కాలేజీలో చదివించారు.

అక్కడ నేను పంచకావ్యాలు వల్లె వేశాను. సహాధ్యాయులు తండ్రుల గురించి అడిగితే "రైల్వేలో ఉద్యోగం" అనేవాణ్ణి. ఏం ఉద్యోగమని ఎవరూ అడగకుండా మాట మార్చేవాణ్ణి. సిగ్గు. ఆ సిగ్గుతోనే ఆయన బతికినన్నాళ్ళూ, ఆ పట్టాల మీద ఏం చూశారని ఒక్కనాడూ అడగలేదు. ఆయన పోయి చాలా కాలమయింది. మయోర్కాలో ఆ స్త్రీ "మా తాత ఈ కొండలో పని చేశాడు" అని నలభైమంది ముందు తలెత్తి చెప్పినప్పుడు నాకు నోరు రాకపోవడానికి కారణం ఇది. ఆమెకు కథ అందింది. నేను అందుకోలేదు.

అరకు నుంచి వచ్చిన మరుసటి ఏడు ఒక ఆదివారం, మా ఊరి హైస్కూలు పిల్లలు పదకొండుమందిని వారి తల్లిదండ్రుల అనుమతితో వెంటబెట్టుకొని బయలుదేరాను. ఆటోల్లో శంకర్‌పల్లి చేరాము. పాసింజరు బండికి టికెట్లు కొన్నాము. విద్యుత్తుతో నడిచే మామూలు బండి, కొయ్యా లేదు, ఇత్తడీ లేదు. చిట్టిగిడ్డ మీదుగా వికారాబాదు దాకా గంటకు అటూ ఇటూ ప్రయాణం. ప్లాట్‌ఫారం మీదనే 1874 నుంచి మొదలుపెట్టి, పైన రాసిన కథలన్నీ వరుసగా చెబుతూ పోయాను. మొదట పిల్లలకు సిగ్గు. పెట్టెలో మిగతావారు మమ్మల్ని వింతగా చూశారు. అఘోరనాథుల కథ వచ్చేసరికి ఎదుటి బల్లమీది ఆకుకూరల గంప ముసలమ్మ కూడా వినసాగింది.

చివరికి మా నాయన సంగతి చెప్పాను. నా జీవితంలో మొదటిసారి. "మా నాయన కీమాన్. రోజూ నడుచుకుంటూ పట్టాలు చూసేవారు" అన్నాను. కిటికీ పక్కన కూర్చున్న ఒక పెద్దమనిషి అందుకున్నాడు. ఆయన గ్యాంగుమాన్‌గా చేసి రిటైరయినవాడట.

"చూసుడు కాదు సారూ, ఇనాలె. సుత్తితోని ఒక్కటి ఏస్తే బిగిసిన కీ ఒక తీరు మోగుతది, సడలిన కీ ఒక తీరు మోగుతది. మబ్బుల కండ్లకేం కనిపిస్తది? చెవులే దిక్కు."

నేను నిశ్చేష్టుణ్ణయ్యాను. చిన్నతనంలో తెల్లవారుజామున పడకలో ఉండి, దూరంగా టంగు టంగుమనే సుత్తి చప్పుడు వినేవాణ్ణి. ఆ చప్పుడు ఎక్కడో ఒకచోట ఆగి, మళ్ళీ గట్టిగా నాలుగైదుసార్లు వినిపించి, మళ్ళీ సాగిపోయేది. ఆ ఆగడం ఎందుకో నాకు అరవై ఏళ్ళు దాటాక, ఒక పాసింజరు బండిలో, పేరు తెలియని మనిషి వల్ల తెలిసింది. ఆగినచోట ఆయనకు సడలిన కీ వినబడిందన్నమాట.

అనంతగిరి దాకా పోయి, అనంత పద్మనాభస్వామి గుడి చూసి, చెట్ల కింద సద్దులు విప్పుకొని తిని, సాయంత్రం తిరిగి వచ్చాము. దిగేటప్పుడు ఒక పిల్లవాడు "సార్, మా తాత గండిపేట కట్ట మీద పనిచేసిండట. అడిగొస్త" అన్నాడు. ఆ రోజుకు నాకు అది చాలు.

ఇప్పుడు లెక్కల సారుకు నా జవాబు. పొగబండి వస్తే నాకు సంతోషమే. ఢిల్లీ నుంచి ఆళ్వారుకు 1855 నాటి ఫెయిరీ క్వీన్ ఇంజనును 1997లో మళ్ళీ నడిపారు. మనకూ అలాంటిది వద్దనేంత రసహీనుణ్ణి కాను. కాని రద్దీగా ఉండే దారి మీద, గూడ్సుబళ్ళ నడుమ, బొగ్గు బండికి వేళ దొరకడం కష్టం. ఖర్చు మెండు. ఖర్చు పెరిగితే టికెట్టు పెరుగుతుంది. టికెట్టు పెరిగితే, ఆ ఆకుకూరల ముసలమ్మా ఆ గ్యాంగుమానూ ఆ బండిలో ఉండరు. వారు లేని బండిలో నాకు ఆ మాట చెప్పేవారెవరు?

మరికొందరు ఇంకో మాట అంటారు. పాతరోజుల మీద ఈ మోజు ఎందుకు, అవి దొరల కాలపు బళ్ళు, నిజాము ఖజానాను పిండిన బళ్ళు కదా అని. ఆ అభ్యంతరంలో సత్యం ఉంది. ఇత్తడి దీపాలు చూపించి అఘోరనాథులను దాచిపెట్టే యాత్ర అయితే నేనూ ఎక్కను. అరకులో ధింసా చూపించి ఖనిజం మాట ఎత్తని యాత్ర కూడా అలాంటిదే. తీపి ఒక్కటే చెప్పేవాడు కథకుడు కాడు, అంగడివాడు. పూర్తిగా చెప్పగలిగితే, ఆ దారి వేయించినవారి గొప్పా, వేసినవారి చెమటా, దానికి వెల చెల్లించినవారి బాధా ఒకే ప్రయాణంలో పిల్లవాడికి అందుతాయి.

కాబట్టి నేను అడిగేది చిన్నది. నెలకు ఒక ఆదివారం. ఉన్న బండే, ఉన్న టికెట్టే. ప్రతి దారికి, ఆ దారి తెలిసిన ఒక విశ్రాంత రైల్వే మనిషి, ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు. ఒకరికి పని తెలుసు, ఒకరికి చెప్పడం తెలుసు. ఇద్దరూ కూర్చుని కథను తెలుగులో కూర్చుకోవాలి. బడులు పిల్లలను పంపాలి. యాత్రలు నడిపేవారు తమ కుర్రవాళ్ళకు జీతంతోపాటు నాలుగు కథలు నేర్పించాలి. ఇది జరగడానికి శంకుస్థాపనలు అక్కర్లేదు. కాజీపేటలో, గుంతకల్లులో, బెజవాడలో, డోర్నకల్లులో ఎంతమంది కీమాన్లు, పాయింట్స్‌మాన్లు, ఫైర్‌మాన్లు ముసలివారై అరుగుల మీద కూర్చుని ఉన్నారో! పొగ ఇంజనులో బొగ్గు వేసిన చేతులు ఇంకా కొన్ని మిగిలి ఉన్నాయి. ఇంజనును ప్రదర్శనశాలలో నిలబెట్టి రంగు వేసి కాపాడవచ్చు. ఆ మనుషులను అలా కాపాడలేము. వారితో మాట్లాడడానికి మనకున్న సమయం తక్కువ.

మా మనవరాలికి కిందటి నెల ఫోనులో ఆ సుత్తి చప్పుడు సంగతి చెప్పాను. ఆమె ఇప్పుడు పెద్దదయింది. అంతా విని, "తాతా, ఈసారి వచ్చినప్పుడు నన్ను అరకుకు కాదు, శంకర్‌పల్లికి తీసుకుపోండి" అన్నది. తీసుకుపోతాను. అయిదేళ్ళ ప్రాయంలో మా నాయన వెంట నడిచిన ఆ ప్లాట్‌ఫారం చివర నిలబడి, ఆయన పేరు పలికి, ఆయన పని ఏమిటో చెబుతాను.

చదువుతున్న మీలో ఎవరి ఇంట్లోనైనా రైలు పట్టాలతో బతికిన పెద్దలు ఉంటే, ఈ రాత్రి వారి పక్కన కాసేపు కూర్చోండి. ఏం చేసేవారని అడగండి. ఏం వినేవారని కూడా అడగండి.

సెలవు.